ఊరేగింపులో కూర్చున్న మనిషి

ఈ సంగతి నా భార్యకు కూడా చెప్పలేదు. మీకెందుకు చెబుతున్నాను? మీరు నన్నెరగరు, అందుకే కావచ్చు. తప్పు చేశానని తెలుసు. చేసినవాటిలో ఏది తప్పో మాత్రం ఇప్పటికీ తేల్చుకోలేకపోతున్నాను.

మాది ఆదోని. డెబ్బైల్లో సినిమా పిచ్చి నెత్తికెక్కి, పత్తి వ్యాపారం చేసే మా నాయన మాట పెడచెవిన పెట్టి మద్రాసు పోయాను. ప్రొడక్షన్ మేనేజరుగా టీలు, కార్లు, అలిగిన హీరోయిన్లు, వాళ్లకన్నా ఎక్కువ అలిగే వాళ్ల అమ్మలు, అందరినీ మోశాను. ఆ తర్వాత నేనే నిర్మాతనయ్యాను. ఎనభైల చివర్లో టీవీ సీరియళ్లు తీసి శాలువాలు కూడా కప్పించుకున్నాను. చెప్పబోయేది మాత్రం నా మొదటి సినిమా సంగతి.

కథలో నేతగాళ్ల వీధి ఒకటుంది. మా ఆదోని పక్కనే మగ్గాల ఊరు ఎమ్మిగనూరు ఉండగా సెట్టెందుకని కెమెరామన్‌ను వెంటబెట్టుకుని పొద్దున్నే దిగాను. వీధి మొత్తంలో ఒక్క మగ్గం చప్పుడు లేదు. ఎవరో ముసలాయన పోయాడట. శవం లేచేదాకా ఆ వీధిలో ఎవరూ మగ్గం గుంటలోకి దిగరు. సాయంత్రానికల్లా అద్దె కెమెరా తిరిగి మద్రాసు బయల్దేరాలి. నాకు ఏడుపొచ్చినంత పనైంది. పోయినాయన మీద కోపం కూడా వచ్చింది, అదీ దాచను.

అంతలో ఆయన్నే తీసుకొచ్చారు. ఆ ఇళ్లలో పోయినవాళ్లను పడుకోబెట్టి మోసుకుపోరు. నుదుట విభూతి పెట్టి, పల్లకీలాగా కట్టి పూలు చుట్టినదాంట్లో కూర్చోబెట్టి, భజన చేస్తూ తీసుకుపోతారు. ముఖం అందరికీ కనబడుతుంది. నడకకు తల కొద్దిగా ఊగుతుంది. కెమెరామన్‌కు ఈ ఆచారం తెలియదు. ఎవరో స్వామీజీ అనుకుని మిద్దె మీది నుంచి తీయడం మొదలుపెట్టాడు. నాకు తెలుసు. ఆపు అని ఒక్కమాట అంటే సరిపోయేది. ఎందుకనలేదు? అంతమంది జనం, అన్ని పూలు, నాబోటివాడు సొంతంగా పోగుచేయగలిగేవేనా? లేక నోరు పెగల్లేదా? రెండూ నిజమే అనిపిస్తుంది. ఒక్కోసారి రెండూ నేను తర్వాత అల్లుకున్నవే అనిపిస్తుంది.

మద్రాసులో ఎడిటర్ కూడా స్వామీజీ అనే అనుకున్నాడు. జాతర పాట మధ్యలో పెట్టాడు. హీరో పూలు చల్లుతుంటే, చనిపోయిన మనిషి చల్లగా ఊగుతూ వెళ్తాడు. పాట బాగా వచ్చిందని అందరూ నన్ను మెచ్చుకున్నారు.

సినిమా ఎమ్మిగనూరులో విడుదలైన రోజు నేను హాలు గుమ్మం దగ్గర నిలబడి, బయటికొచ్చేవాళ్ల ముఖాలు చూస్తున్నాను. మ్యాట్నీ వదిలాక ఒక పెద్దామె, చిన్న మనవరాలి చెయ్యి పట్టుకుని నేరుగా నా దగ్గరికి వచ్చింది.

"బొమ్మ తీసింది నువ్వేనా అప్పా?"

"నేనేనమ్మా."

"పాటలో పల్లకీలో కూసున్నాయప్ప మా ఇంటాయన. నువ్వు యాడ పట్టినావు ఆయన్ని?"

"కాదమ్మా. ఆయన మద్రాసాయన. వేషం కట్టినాడు."

"నా మొగున్ని నేను గుర్తుపట్టనా?"

"మనిషిని పోలిన మనుషులు ఉంటారు కదమ్మా."

ఆమె మనవరాలి చెయ్యి వదిలి ఇంకాస్త దగ్గరికి వచ్చింది.

"నేను కొట్లాటకు రాలేదప్పా. మా ఇంట్లో ఆయన ఫోటో ఒకటీ లేదు. మొకం మర్సిపోతాండాను. ఈపొద్దు సూస్తే మల్లా గుర్తొచ్చె. రేపు వస్తా. ఇంగోసారి సూసుకుంటా."

తిట్టి ఉంటే బాగుండేది. తిడితే కాళ్లు పట్టుకునేవాణ్ణేమో. ఆమె అంత మెల్లగా మాట్లాడేసరికి నాకు భయం పట్టుకుంది. వీధి వీధంతా వస్తే? చావును జాతర చేశావని నిలదీస్తే? పైన ప్రొజెక్టర్ గదికి పోయి, ఆపరేటర్‌తో ఆ ముక్క కత్తిరించి రీలు అతికించమన్నాను. ఎందుకని అతను అడగలేదు. ముక్క చెత్తలోకి పోయింది.

మర్నాడు ఆమె వచ్చింది, ముగ్గురు నలుగురు చుట్టాలను వెంటబెట్టుకుని. ఆయన్ని చూపిస్తానని వాళ్లకు చెప్పిందట. పాట అయిపోయింది. ఆయన రాలేదు. బయటికి వచ్చేటప్పుడు వాళ్లు ఆమెను వెనకే వదిలేసి ముందు నడిచారు. ఆమె నా వైపు చూసింది. అడుగుతుందేమోనని నేను పోస్టరు వైపు తిరిగాను.

వేరే ప్రింటు తెప్పించి ఆమె ఒక్కదానికే చూపిద్దామని చాలాసార్లు అనుకున్నాను. నిజంగా అనుకున్నానా, నిద్ర పట్టడానికి అలా చెప్పుకున్నానా? సినిమా పోయింది, పెట్టెలు మద్రాసు గోడౌనులో పాడైపోయాయి. ఆమెకు మతి చెడిందని, చచ్చిన మొగుడు సినిమాలో కనబడ్డాడంటుందని వీధిలో నవ్వుకున్నారట. కొన్నాళ్లకు ఆమె ఆ మాటెత్తడం మానేసిందట. ఇవన్నీ ఆ హాలు మేనేజరే, నాకేమీ సంబంధం లేదనుకుని, నవ్వుతూ చెప్పాడు. నేనూ నవ్వాను.

తీయకపోయి ఉంటే ఆమెకు ఆ ఒక్క చూపైనా దక్కేది కాదు. అంటే తీయడం మంచిదైందా? లేక చూపించి లాగేసుకోవడంకన్నా అసలు చూపించకపోవడమే మేలా? ఫోటో లేని ఇంటికి ఉన్న ఒక్క బొమ్మనూ కత్తిరించాను, అదొకటి. ఆమె కళ్ల మీద ఆమెకే నమ్మకం పోయేలా చేశాను, అదింకొకటి. ఏది పెద్దదో తూకం వేసిన ప్రతిసారీ ముల్లు ఒక్కోవైపు మొగ్గుతుంది.

ఆమె పోయిందని ఈ మధ్యే తెలిసింది. క్షమించమని అడగడానికి మనిషి లేదు, ఉన్నా అడిగేవాణ్ణో లేదో. అయినా ఆ రోజు చెప్పాల్సిన జవాబు ఇన్నాళ్లకు రాస్తున్నాను. రాస్తుంటే ఊపిరి కాస్త ఆడుతోంది, అందుకు సిగ్గుగానూ ఉంది.

అమ్మా, నీకు మతి చెడలేదు. అది మీ ఆయనే.