వంగిన చెక్క, తిన్నని గీత

ఆ రోజుల్లో ఈ ప్రపంచంలో నాకు రానిది వంట ఒక్కటే అనుకునేవాణ్ణి. ఫిజిక్స్ సంగతి చెప్పనే అక్కర్లేదు, ఇంటర్ ప్రాక్టికల్స్‌లో ముప్పైకి ముప్పై తెచ్చుకున్నవాణ్ణి మరి. (లోలకం ప్రయోగంలో మా స్టాప్‌క్లాక్ ముల్లు సగం దూరం వెళ్ళి ఆగిపోయేది. అయినా క్లాసులో అందరికీ g విలువ 980 వచ్చింది. "తొమ్మిదొందల ఎనభై రాకపోతే నా దగ్గరికి రావద్దు" అని ల్యాబ్ అటెండర్ ముందే చెప్పేశాడు. కాబట్టి ముందు జవాబు రాసుకుని, దాన్నుంచి వెనక్కి లెక్కగట్టి రీడింగులు పుట్టించేవాళ్ళం.) అది మోసమని మాలో ఒక్కడికీ తోచలేదు. ప్రయోగమంటే అదేననుకున్నాం. ఆ విద్యతోనే చికాగోలో ఎమ్మెస్‌లో చేరి, శనివారం శనివారం ట్రైన్ ఎక్కి అరోరాలో అక్క వాళ్ళింటికి వెళ్ళేవాణ్ణి. పెసరట్టు కోసమే వెళ్ళేవాణ్ణని ఒప్పుకోవడానికి ఇప్పుడు సిగ్గేమీ లేదు.

అక్క కూతురు పండు అప్పుడు ఎనిమిదో తరగతి. వాళ్ళ సైన్సు టీచరు ఒక ప్రయోగం ఇచ్చింది. వాలుగా పెట్టిన చెక్క మీద బొమ్మకారు వదిలి, అడుగుకో గుర్తు పెట్టి, ఒక్కో గుర్తు దగ్గరికి ఎంతసేపట్లో వచ్చిందో చూసి, వేగం ఎలా పెరుగుతోందో, త్వరణం ఎంతో లెక్కగట్టాలి. ఇది బాగా చేసినవాళ్ళలో ఇద్దరిని వేసవి సైన్సు క్యాంపుకి పంపుతారట. పండు ఆ క్యాంపు కాగితాన్ని ఫ్రిజ్ మీద అంటించుకుని, పాలు తీసినప్పుడల్లా చదువుకునేది.

బేస్‌మెంట్ అల్మారాలో బట్టల బరువు మోసిన పాత అర చెక్కని గరాజ్‌లోకి తెచ్చి, ఒక చివర పెయింటు డబ్బా మీదికెత్తింది పిల్ల. నన్ను కుర్చీలో కూర్చోబెట్టి, ఏమీ ముట్టుకోవద్దంది. గుర్తు గుర్తుకీ పదిసార్లు కారు వదిలింది, పదిసార్లూ స్టాప్‌వాచ్ నొక్కింది, పెన్సిల్‌తో రాసుకుంది. ఆఖరికి లెక్కలు చూస్తే పై సగంలో త్వరణం బాగానే ఉంది, కింది సగంలో తగ్గిపోయింది.

"అలా ఎలా వస్తుందే? ఒకే వాలు, ఒకే త్వరణం. నువ్వెక్కడో తప్పు నొక్కావ్."

"నో మామా, అక్కడ స్లో అయ్యింది. టెన్ టైమ్స్ అదే వచ్చింది. నేను చూశా."

చూశావా, పెద్ద చూడొచ్చావు అనుకున్నాను. అక్క పిల్లని డాన్స్ క్లాసుకి డ్రైవ్ చేసి తీసుకెళ్ళిన గంటన్నరలో నాకు పూనకం వచ్చింది. డైనింగ్ టేబుల్ దగ్గర కూర్చుని, పండు గులాబీ రంగు రబ్బరుతోనే దాని అంకెలన్నీ శుభ్రంగా చెరిపి, మా పద్ధతిలో జవాబు నుంచి వెనక్కి వచ్చి కొత్త అంకెలు వేశాను. ఆ అంకెల్తో వేగానికీ కాలానికీ గ్రాఫ్ గీస్తే స్కేలు పెట్టినట్టు ఒకే తిన్నని గీత. (నమ్మేలా ఉండాలని ఒకచోట కావాలనే కాస్త తేడా కూడా పెట్టాను. అంత తెలివి.) పిల్ల తిరిగొచ్చి చూసి, "మామా, ఇవి నావి కావు" అంది. "నీవే, కాస్త తుడిచానంతే. ఇంజనీర్ని చెబుతున్నాగా!" అన్నాను. పదమూడేళ్ళ పిల్ల, మేనమామ మాట నమ్మింది.

సోమవారం టీచరు అందరినీ చెక్కలు తెచ్చుకుని క్లాసులో ఒకసారి చేసి చూపించమంది. ఈ సంగతి నా లెక్కలో లేదు. పండు కారు కింది సగంలో, గరాజ్‌లో లాగానే, నెమ్మదించింది. మరి ఈ కాగితంలో అంకెలు ఎక్కడివి అని టీచరు అడిగితే పండు ఒకటే మాట అందట, తనే రాశానని. సున్నా వేసి, తల్లిదండ్రుల సంతకం కోసం ఉత్తరం పంపింది ఆవిడ.

శనివారం నేను వెళ్ళి మొదటి అట్టు తింటుండగా, అక్క పెనం ముందు నిలబడి ఉత్తరం ఊపింది. "ఎవరు నేర్పారే నీకీ దొంగ లెక్కలు? మన ఇంటావంటా ఉందా?" పండు తలొంచుకుని, "నేనే రాశా అమ్మా" అంది. ఒక్కసారి నా వైపు చూసింది. నేను నోట్లో ముద్ద మింగి, "అక్కా, ఇంకో అట్టు వెయ్యవా?" అన్నాను.

ఇన్నేళ్ళయినా ఆ మాట నా నోటినుంచే వచ్చిందంటే నమ్మబుద్ధి కాదు.

క్యాంపు జాబితా వచ్చి, అందులో పండు పేరు లేదని తెలిశాకే అక్కకి నిజం చెప్పాను. అక్క నన్ను తిట్టలేదు. కారెక్కమంది, స్కూలుకి తీసుకెళ్ళి టీచరు ముందు నిలబెట్టింది. ఆవిడ అంతా విని, సున్నా తీసేస్తానంది, జాబితా మాత్రం తన చేతుల్లో లేదంది. ఆ తర్వాత, "పాత చెక్క నడుము వంగి ఉంటుంది, అందుకే కింది సగంలో వాలు తక్కువ. దాన్ని అంకెల్లో పట్టుకున్న పిల్ల క్లాసులో ఇంకొకరు లేరు. ఆ మొదటి అంకెలు ఉన్నాయా?" అని అడిగింది. కాగితాన్ని కిటికీ వెలుగులో పట్టి చూశాం. రబ్బరు చాలా మంచిది.

అక్క వాళ్ళు ఇల్లు మారినప్పుడు ఆ చెక్క మా గరాజ్‌కి వచ్చింది. ఇప్పుడు దాని మీద సబ్బుపొడి డబ్బాలు పెడుతున్నాం. మొన్న కాలేజీ సెలవులకి పండు వచ్చి, దాన్ని చూసి నవ్వింది. "మామా, ఇంకా బెండ్ అయ్యిందిది." ఎన్నాళ్ళనుంచో చెప్పాలనుకున్నది అప్పుడు బయటికొచ్చింది. "ఆ నంబర్లు చెరిపినందుకు సారీ రా పండూ" అన్నాను.

"నంబర్స్‌కి ఎప్పుడూ కోపం రాలేదు మామా. నీకు తెలీదు కదా, హెల్ప్ అనుకున్నావు" అని, డబ్బాలు సర్దుతూ అంది, "ఆ రోజు ఇంకో అట్టు అడిగావు చూడు, దానికొచ్చింది."

ఇప్పటికీ అక్క ఇంట్లో పెసరట్టు వేస్తే నాది ఒక్కటే. రెండోది కావాలా అని అక్క అడుగుతుంది, బల్లకి అవతల పండు కళ్ళతోనే నవ్వుతుంది. నేనూ నవ్వి, చెయ్యి కడుక్కోవడానికి లేస్తాను.