యశోదమ్మ నోటికి బీగం

పుంగనూరులో యశోదమ్మ చింతపండు అంగడి ఎక్కడని అడగక్కర్లేదు, చెవులుంటే చాలు. పక్కంగట్లో బేరమాడేవాళ్లకూ ఆమే సలహా చెబుతుంది. అలాంటి మనిషి మీద పోలీసు కేసు పడిందంటే వీధి వీధంతా ముక్కున వేలేసుకుంది.

సంగతేమిటంటే, మదనపల్లెలో టమేటా మండీ నడిపే కొడుకు అరుణ్ కుమార్‌కూ కోడలు హరితకూ పొసగలేదు. అతను విడాకులకు కోర్టుకెక్కాడు. నోటీసు అందిన పదోరోజుకల్లా హరిత తరఫువాళ్లు వేధింపుల కేసు పెట్టించారు. అందులో మొగుడొక్కడేనా? అత్త ఉంది, కుప్పంలో కాపురముండే ఆడబిడ్డ అంబిక కూడా ఉంది. కోపంలో పెట్టే ఫిర్యాదులు చాలావరకు అంతే, రేషన్ కార్డు ముందు పెట్టుకుని పేర్లు ఎక్కించేస్తారు.

యశోదమ్మకు తన గురించి బెంగ లేదు. బెంగంతా అంబిక గురించే. ఏడేళ్లు, చంకలో బిడ్డనేసుకుని చదివి టీచరు ఉద్యోగం తెచ్చుకుంది ఆ పిల్ల. ఇప్పుడు కేసు తేలేదాకా ఉద్యోగం ఉత్తర్వు ఇచ్చేది లేదన్నారు.

"నా బిడ్డ ఏం పాపం సేసుండాది సారూ? దాని పేరు యాల రాసినారు?" అని లాయరు గంగాధర్‌ని నిలదీసింది.

"రాసినోళ్లనే అడగాలమ్మా. మీ ఇద్దరి మీద కేసు కొట్టేయమని హైకోర్టుకు పోదాం. ముందు ఇది వినండి" అంటూ ఆయన ఫిర్యాదు చదివాడు. వీళ్లిద్దరి గురించి అంతా తరచూ అనీ, పలుమార్లు అనీ రాశారు. తేదీ వేసింది ఒక్కచోటే. ఫలానా మంగళవారం పొద్దుట్నుంచి సాయంత్రం దాకా అత్తా ఆడబిడ్డా మదనపల్లె ఇంట్లో కూర్చుని హరితను నోటికొచ్చినట్టు తిట్టారట.

యశోదమ్మ పకపకా నవ్వింది. "అయ్యో నా తల్లీ! ఆ దినం మా గంగమ్మ జాతర సారూ. నా నోటికి బీగం ఉండింది!"

అంబిక కాన్పు కష్టమైనప్పుడు మొక్కుకున్న మొక్కు అది. పొద్దున్నే పెదవులకు వెండి బీగం వేయించుకుంటే, సాయంత్రం పూజారి తీసేదాకా మాట పెగలదు. పక్కనే అంబిక పొంగలి కుండ ఎత్తుకుని నడిచింది. యశోదమ్మ మాట్లాడని దినమంటే జాతరను మించిన వింత కదా, ఊరంతా సెల్‌ఫోన్లతో ఎగబడి ఫొటోలు తీసింది. ఫిర్యాదు రాయించిన హరిత మేనమామ కుప్పుస్వామి తమిళనాడులోని క్రిష్ణగిరివాడు. జాతర సంగతి ఆయనకేం తెలుసు! ఏదో ఒక మంగళవారం వేసి పారేశాడు.

హైకోర్టులో అవతలి లాయరు ఆ ఫొటోలను కాదనలేకపోయాడు. విడాకుల నోటీసుకు ఎదురుదెబ్బగా పెట్టిన కేసులా ఉంది, వేరే ఊళ్లలో ఉండే తల్లీకూతుళ్లు చేసిన తప్పేమిటో ఎక్కడా తేలడం లేదు అని జడ్జి వాళ్లిద్దరి మీదా కేసు కొట్టేశారు. భర్త మీద మాత్రం వివరాలున్నాయి, అవి కింది కోర్టులోనే తేలాలన్నారు. రెండు వారాలకు అంబిక చేతికి ఉత్తర్వు వచ్చింది. యశోదమ్మ ఆ సాయంత్రం వచ్చినవాళ్లందరికీ చింతపండు ఊరికే పంచింది.

అరుణ్ కుమార్ కూడా మైసూర్‌పాకు పట్టుకుని వచ్చాడు.

"గెలిచినామమ్మా! నువ్వు ఆయమ్మను ఒక్క మాట గూడా అనలేదని కోర్టే ఒప్పుకునింది. నా కేసులో గూడా వచ్చి ఇదే సెప్పు, సాలు."

యశోదమ్మ నవ్వు ఆగిపోయింది. నిరుడు ఉగాదికి వాళ్లింటికి పోయినప్పుడు, కూరలో ఉప్పు తక్కువైందని వీడు అన్నం కంచం హరిత మీదికి విసిరాడు. ఆ పిల్ల మెతుకులు దులుపుకుంటూ అత్త వైపు చూసింది. అత్త పెరుగు కలుపుకుని తిని లేచింది.

"అవును నాయినా, ఆయమ్మను నేనేమీ అనలేదు. నువ్వు తట్ట ఇసిరిన దినం నిన్ను గూడా ఏమీ అనలేదు. ఆ దినం నా నోటికి ఏ బీగమూ లేదు."

"ఇప్పుడు అదంతా యాల మా?"

"కోర్టుకు వస్తాను. ఆ తట్ట సంగతే సెప్తాను" అంది యశోదమ్మ, మైసూర్‌పాకు పొట్లం అతని చేతిలోనే పెట్టేసి.