ఉగ్గాని పాటకు వన్స్ మోర్

మా వైపు జనం పాట నచ్చితే నటుణ్ణి వదలరు. "వన్స్ మోర్" అని కేకేస్తారు. కేక పడ్డాక మొదటినుంచి మళ్లీ పాడాల్సిందే, పాడకపోతే మర్యాద కాదు. ఆ కేక కోసం నటులు దేవుళ్లకు మొక్కుకుంటారు. ఆ ఆదివారం నేను మాత్రం అది పడకూడదని మొక్కుకున్నాను.

అంతకు ముందు ఏడాది నా థైరాయిడ్ గ్రంథికి ఆపరేషన్ అయింది. తర్వాత చాలా నెలలు గొంతులోంచి గాలి తప్ప మాట రాలేదు. బడిలో పిల్లల్ని గడగడలాడించే టీచరమ్మను, పాలవాడితో కూడా సైగలతోనే మాట్లాడాను. మెల్లగా మాట వచ్చింది, ఆ వెనకే పాట కూడా వచ్చింది. కానీ ఒక్కసారికే. స్నానాల గదిలో తలుపేసుకుని పాడి చూసుకునేదాన్ని. మొదటిసారి బాగానే ఉండేది. వెంటనే మళ్లీ ఎత్తుకుంటే పై స్థాయిలో గొంతు జారిపోయేది. డాక్టరు గారు బలవంతం చేయొద్దన్నారు. చేస్తే ఏమవుతుందని నేను అడగలేదు. భయమేసి అడగలేదు.

మా నాటక బృందం ఎన్నో ఏళ్లుగా ఆడుతున్న ప్రేమ ప్రహసనం ఒకటుంది. పెళ్లికొడుకు అమ్మాయి గుణం తెలుసుకుందామని వంటవాడి వేషంలో వాళ్లింట్లో చేరతాడు. అమ్మాయి మొదటి రోజే కనిపెట్టేసి, తెలియనట్టే ఉండి వాడి దుంప తెంచుతుంది. అంతా వచనమే. మా హార్మోనియం మాస్టారికి ఉన్నట్టుండి దాన్ని పాటల నాటకం చేయాలనిపించింది. మాటలతో పోట్లాడుకునే ప్రేమికులు పాటలతో పోట్లాడుకోవడం మొదలుపెట్టారు. బొరుగులు మరీ నాని ముద్దయిపోయిన ఉగ్గాని టిఫిను చూసి అమ్మాయి వంటవాణ్ణి తిట్టే తిట్లన్నీ ఒక పెద్ద పాటయ్యాయి. ఆ వేషం మొదటినుంచీ నాదే. వేరేవాళ్లను పెట్టుకోమని నేనే అన్నాను. నిజంగానే పెట్టుకుంటారేమోనని తర్వాత నిద్ర పట్టలేదు.

ఆటరోజు తెర వెనక కుట్టు మచ్చ కనబడకుండా పూసల కంటె కట్టుకుంటున్నాను. మాస్టారు వచ్చారు.

"శ్రుతి బాగా దించినానమ్మా. ఒక్కసారి పాడేసెయ్, అంతే."

"మళ్లా అడిగితే?" అన్నాను.

ఆయన హార్మోనియం పెట్టె సర్దుకోవడానికి వెళ్లిపోయారు.

పాడాను. దేవుడి దయ, ఎక్కడా జారలేదు. చివరి చరణం కూడా అయిపోయింది. ఇక కేక పడుతుందని గుండె చిక్కబట్టుకుని నిలబడ్డాను.

పడలేదు. చప్పట్లు కొట్టారు, మంత్రిగారి ఉపన్యాసానికి కొట్టినట్టు, మర్యాదగా. ముందు వరుసల్లో కప్పగల్లు ఊరివాళ్లున్నారు. కొత్తగా పద్యం నేర్చినవాడు తడబడినా కేకలేసి మళ్లీ పాడించే మనుషులు. వాళ్లూ నోరు మెదపలేదు. తలుపు దగ్గర నిలబడ్డ మా ఆయన వైపు చూస్తే, తల దించేసుకున్నాడు. అప్పుడర్థమైంది. లోపలికొచ్చే ప్రతి ఒక్కరికీ అడ్డంపడి, మా ఆవిడను మళ్లీ పాడమనొద్దని చెప్పి ఉంటాడు.

నేను మొక్కుకున్నదీ అదే. అయినా ఒళ్లు మండిపోయింది. ఆ మంట కింద ఇంకో భయం పుట్టింది. ఇకమీదట నేనేం పాడినా వీళ్లంతా రోగిని చూసిపోవడానికి వచ్చినట్టే కూర్చుంటారు. గొంతు పోవడం కన్నా నాకు అదే ఎక్కువ భయమనిపించింది. వంటవాడు తర్వాతి మాట అందుకోబోతుంటే, "ఉండప్పా," అని ఆపేసి జనం వైపు తిరిగాను.

"ఏందప్పా, అందరూ నోరు మూసుకుని సుమ్నె కూచ్చున్న్యారు? ఈ ఉగ్గాని మీ నోట్లో గానీ పెట్నాడా? వన్స్ మోర్ అనేకి ఒక్కరూ లేరా ఈడ?"

ముందు కప్పగల్లు వరుసలోంచి ఒక గొంతు లేచింది. తర్వాత హాలంతా అరిచింది. నోరా వీపుకు తేకే అంటారు. నా నోరు నేరుగా గొంతుకే తెచ్చింది.

మాస్టారు వద్దమ్మా అన్నట్టు తల ఊపారు. నేను ఎత్తుకున్నాను. రెండో చరణంలో గొంతు తెగిపోయింది. హార్మోనియం ఒక్కటే మోగుతోంది. ఏం చేయాలో తోచక, పాత నాటకంలో ఆ చోట ఉన్న వచనాన్నే అందుకున్నాను. "బొరుగులు నానబెట్టమంటే జలసమాధి చేస్తివేందిరా!" అని ఉన్న కాస్త గొంతూ గీరుకుంటూ తిట్టాను. జనం పడీపడీ నవ్వారు. మాస్టారు ఒక్కో తిట్టుకూ ఒక్కో స్వరం వేశారు. ఆట అయ్యేదాకా అలాగే మాటలతో నెట్టుకొచ్చాను.

స్కూటర్ మీద గాంధీనగర్‌లోని మా ఇంటికి తిరిగి వెళ్తుంటే మా ఆయన్ని కడిగేద్దామని నోరు తెరిచాను. మాట రాలేదు. మళ్లీ ప్రయత్నించాను. గుసగుస కూడా రాలేదు. ఆయన నాకు కోపమనుకున్నాడు.

"నాదే తప్పు. అందరికీ నేనే చెప్తి. నిన్ను మళ్లా ఆ మూగతనంలో చూసేకి నాకు ధైర్యం లేదే," అన్నాడు.

వెనకనుంచి ఆయన చొక్కాను రెండు చేతులా పట్టుకున్నాను.

"తిట్టవే. ఇట్ల సుమ్నె ఉండద్దు, నాకు బయమైతాండాది. ఒక్క మాటన్నా తిట్టవే."

ఇల్లు వచ్చేదాకా అడుగుతూనే ఉన్నాడు.