ఈరమ్మత్తకు సముద్రం

"ఆమెను వెంటబెట్టుకుని రాకపోతే నువ్వూ ఈ గుమ్మం ఎక్కకు" అంది మా అమ్మ. దసరా సెలవుల్లో బడిపంతులమ్మకు నాలుగు రోజులు నడుం వాల్చే యోగం కూడా లేదన్నమాట. అయినా అమ్మ పట్టుదలలో న్యాయం ఉంది. యుద్ధం రోజుల్లో మా విశాఖపట్నం మీద జపాను బాంబులు పడ్డప్పుడు ఊళ్లో సగం మంది తట్టాబుట్టా సర్దుకుని లోపలి జిల్లాలకు పరుగెత్తారు. నాన్నగారి స్నేహితుడొకాయన ఆదోనిలో పత్తి వ్యాపారం చేసేవాడు. ఆయన మాటసాయంతో మేము ఎమ్మిగనూరులో ఒక నేతగాళ్ల ఇంటి ముందుగదిలో దిగాం. ఆ ఇల్లు ఈరమ్మత్తది. తిరిగి వచ్చేటప్పుడు అమ్మ ఆమె రెండు చేతులూ పట్టుకుని "నీకు సముద్రం చూపిస్తాను వదినా" అని మాటిచ్చింది. యుద్ధం ముగిసి పదేళ్లయింది. నాన్నగారు పోయారు. అమ్మకు మోకాళ్లు పట్టేశాయి, మాట మాత్రం మిగిలింది.

సాయంత్రం వాల్తేరులో మెయిలు ఎక్కాను. బెజవాడలో దిగి, ఇడ్లీలు తిని, గుంతకల్లు పోయే చిన్న బండి పట్టుకున్నాను. ఈ దారిన వెళ్లేవారికి ఒక మాట: నంద్యాల దాటాక తిండి దొరుకుతుందని నమ్ముకోకండి. పులిహోర కట్టుకుపోండి. నేను నమ్మి, అరటిపళ్లతో పొట్ట నింపుకున్నాను. ఆ రాత్రి గుంతకల్లు ఆడవాళ్ల వెయిటింగు గదిలో పడుకుని, పొద్దున్నే ఆదోని పాసింజరు ఎక్కాను.

ఎదురు బల్ల మీద ఆదోని సాయిబుగారొకాయన కూర్చున్నారు. పత్తి విత్తనాల వ్యాపారం. నాది విశాఖపట్నమనగానే మొహం విప్పారింది.

"యుద్ధం అప్పుడు మీ పక్కనోళ్లు శానామంది మా ఊరికి వచ్చినారమ్మా. మా నాయన దుకాణం మీద మిద్దె ఖాళీ చేయించి ఇచ్చినాడు. మీరు బాంబు కండ్లారా సూసినారా?"

నాకు నవ్వాగలేదు. ఎమ్మిగనూరులో దిగిన మర్నాడే వీధి ఆడవాళ్లంతా వచ్చి మా అమ్మను ఇదే అడిగారు. బాంబు పడ్డప్పుడు అమ్మ మంచం కింద ఉంది, కళ్లు కూడా గట్టిగా మూసుకుంది. అయినా అంతదూరం నుంచి వచ్చి చూడలేదంటే పరువు పోతుందనుకుందేమో, "గుమ్మడికాయంత ఉంటుందమ్మా, తొడిమతో సహా" అని చెప్పింది. ఆ ఏడాది ఆ వీధిలో గుమ్మడికాయ కోసినప్పుడల్లా మా గది వైపు చూసి నవ్వేవాళ్లు. ఇది చెబితే సాయిబుగారు పగలబడి నవ్వి, "అల్లా! మీ అమ్మ గట్టిదే" అన్నారు.

ఆదోనిలో దిగేసరికి ఎనిమిదిన్నర. బస్టాండు పక్క హోటల్లో ఉగ్గాని, మిరపకాయ బజ్జీ తిన్నాను. బొరుగులతో ఇంత రుచి వస్తుందని మా కోస్తావాళ్లకు చెబితే నమ్మరు. కారానికి కళ్లనీళ్లు కారుతున్నా రెండోసారి పెట్టించుకున్నాను. ఎమ్మిగనూరు బస్సులో కిటికీ పక్కన కూర్చోవడం మాత్రం తెలివితక్కువ పని. దిగేసరికి నా తెల్ల చీర కావిరంగుకు తిరిగింది. దారి పొడుగునా చేలల్లో చెనక్కాయ, అదే మన వేరుశనగ, పీకుతున్నారు, పత్తి పసుపుపచ్చగా పూసి ఉంది.

యుద్ధంలో మేము ఉన్నప్పుడు ఆ వీధిలో చప్పుడే ఉండేది కాదు. నూలు దొరక్క మగ్గాలు పడుకున్నాయి. కిరసనాయిలు కార్డుకు ఇంతని కొలిచి పోసేవారు, పొద్దుగూకకముందే అన్నాలు తినేసి ఒకే బుడ్డి దగ్గర రెండు కుటుంబాలూ కూర్చునేవాళ్లం. ఇప్పుడు వీధి మొదట్లోనే మగ్గాల టకటకలు వినిపించాయి. ప్రాణం లేచొచ్చింది. ఈరమ్మత్త ఇంట్లో మాత్రం నిశ్శబ్దం.

ఆమె పాత మగ్గం గుంటలో కాళ్లు పెట్టుకుని ఊరికే కూర్చుని ఉంది. నన్ను చూసి ఒక్క క్షణం ఆగి, "పాపా! బాంబోళ్ల పాపవా?" అని లేచి నా మొహమంతా తడిమింది. ఆ తడమడంలో నాకు దుఃఖం పొంగుకొచ్చింది. పక్కన ఆమె చిన్నకొడుకు ఉరుకుందు తల వంచుకుని నిలబడ్డాడు. గోడవారన కొత్త మగ్గం కొయ్యలు, ఇంకా విప్పని కట్టలు.

సంగతి ఉరుకుందు చెప్పాడు. కొత్త మగ్గం పెద్ద పన్నాది, బాగా వెడల్పు గుడ్డ నేసేది. దాన్ని ఆ గుంట మీదే నిలపాలి, పాతది తీసేయాలి. ఆయుధపూజ కాగానే తీస్తానంటే అమ్మ మగ్గం దిగడం లేదట.

"అచ్చు కోయనీదక్కా. నేను కోస్తే అన్నను నేనే సంపినట్ల సూస్తాది" అన్నాడు.

నాకు అర్థం కాలేదు. ఈరమ్మత్తే చూపించింది. దువ్వెనలాంటి అచ్చు పళ్ల మధ్య నుంచి పడుగు, అంటే నిలువు పోగులు వస్తాయి. చీర అయిపోయినా అచ్చులో మిగిలిన పోగుల కొసలు తీయరు. వేళ్లకు బూడిద రాసుకుని, కొత్త పడుగు పోగులను ఒక్కొక్కటే ఆ పాత కొసలకు మెలిపెట్టి అతుకుతారు. అట్లా ఒక చీర వెనక ఇంకొకటి, తెగకుండా. అచ్చు కోయడమంటే ఆ పోగులన్నీ ఒక్కసారే తెంపేయడం.

"బసన్న పోయే ముందర రోజు అతికిపెట్టి పోయినాడు" అంది. "అడ్డం పేకకు నూలు వస్తే నెయ్యమ్మా అన్నాడు. వాని అతుకు మీద నేను అతికినా. దాని మీద ఇంకోటి. ఇంతవరకు తెంపలే."

బసన్న ఆమె పెద్దకొడుకు. పని లేక ఆదోనిలో పటాలంలో చేరాడు. మేము వాళ్లింట్లో ఉండగానే వెళ్లాడు, నాకు బాగా గుర్తు. విశాఖపట్నంలో ఓడ ఎక్కాడని, మేము తిరిగి వెళ్లిపోయాక, అతనితో వెళ్లినవాడొకడు వచ్చి చెప్పాడట. తర్వాత కనబడలేదని తంతి వచ్చిందట. అంతే. చనిపోయాడని ఎవరూ చెప్పలేదు, బతికున్నాడనీ చెప్పలేదు.

నేను వచ్చిన పని చెప్పడానికి నోరు రాలేదు. కొడుకును మింగిన సముద్రాన్ని తల్లికి ఏ మొహం పెట్టుకుని చూపించాలి? మా అమ్మకు ఈ ఓడ సంగతి తెలియదు. జొన్నరొట్టె, చెనక్కాయల పొడి పెట్టి, ఈరమ్మత్తే అడిగింది.

"మీ యమ్మ ఏమన్నాది?"

"నిన్ను తీసుకురమ్మంది, అత్తా. సముద్రం చూపిస్తానని మాటిచ్చిందట. నువ్వు రాలేనంటే నేను చెప్పుకుంటాలే."

ఉరుకుందు పెళ్లాం నీళ్ల చెంబు పట్టుకుని గడపలోనే ఆగిపోయింది. అప్పుడు ఈరమ్మత్త మగ్గం వైపు చూసి, "ఒరే ఉరుకుందూ, నేను ఊళ్లో ఉండంగా కోయొద్దు. నేను బండెక్కినాక కొయ్యి. నేను సూడలేను రా" అంది. ఉరుకుందు గోడ వైపు తిరిగి ఏడ్చాడు. నేనూ ఏడ్చాను, దాచడమెందుకు.

మర్నాడు పొద్దున బస్సెక్కాం. ఆమె మూటలో రెండు చీరలు, అమ్మకోసం చెనక్కాయలు, ఒక గుమ్మడికాయ. "మీ యమ్మకు బాంబు తీసకపోతాండా" అంది నవ్వుతూ. ఆ బరువంతా నేనే మోశాను.

గుంతకల్లులో బండి మారి కూర్చున్నాం. బండి కదిలాక ఆమె కిటికీలోంచి ఎండ వైపు చూసి "ఈపాటికి కోసింటాడు" అంది. ఆమె చెయ్యి నా చేతిలోకి తీసుకున్నాను. వేళ్ల చివర్లు బూడిదతో, మెలితో గట్టిపడి ఉన్నాయి. ద్రోణాచలం దాటేదాకా ఆ చెయ్యి వదల్లేదు.

ఈ దారిలో చూడవలసినవి ఏమున్నాయని ఎవరైనా అడిగితే నాకు చెప్పడం రాదు. గుళ్లూ కోటలూ నేను చూడలేదు. మా సముద్రం పక్క ఊళ్ల మీద బాంబులు పడితే, సముద్రం పేరు తప్ప ఎరగని ఈ ఊళ్లు మమ్మల్ని దాచుకున్నాయి. అదొక్కటీ కళ్లారా చూసి వచ్చాను.

నల్లమల కొండల్లో బండి మెల్లగా పోతుంటే ఆమె అడిగింది.

"పాపా, సముద్రానికి అవతల ఒడ్డు ఉంటాదా?"

"ఉంటుంది అత్తా."

"ఆడ మనుషులుంటారా?"

"ఉంటారు."

"గుడ్డ కట్టుకుంటారు గదా?"

"కట్టుకుంటారు."

ఆమె తల ఊపి, కాళ్లు పైకి ముడుచుకుని, బండెక్కినప్పటి నుంచి మొదటిసారి వెనక్కి ఆనుకుని కూర్చుంది.

"అయితే వానికి పని దొరికింటాది" అంది.