అమావాస్యనాటి మగ్గం చప్పుడు

ధర్మవరంలో మగ్గం నేసే ఆడవాళ్ల మీద డాక్యుమెంటరీ తీస్తున్న రోజులవి. భర్త పోయాక ఆయన మగ్గంలో తనే కూర్చున్న ఒకామె నా సినిమాకు ప్రాణం. మగదిక్కు లేని ఇంట్లో మగ్గమెందుకు, మాకిచ్చెయ్యమని భర్త వాళ్లన్న పోరుతుంటే ససేమిరా అన్న మనిషి.

ఆ వీధిలో మరమగ్గాల రొదకు ఆమె చేతిమగ్గం చప్పుడు మైకుకు దొరికేది కాదు. ఒకరోజు హిందూపురం నుంచి రైల్లో వెళ్లేసరికి వీధంతా నిశ్శబ్దం. సగం మంది కదిరి గుడికి పోయారట. నా పంట పండిందనుకున్నాను. ఆమె గడపలో కూర్చుని బియ్యం ఏరుతోంది. "కాసేపు మగ్గంలో కూర్చో అక్కా" అన్నాను. ఆమె వీధి అటూ ఇటూ చూసి, తలుపు వేసి, కూర్చుంది. ఎంత స్పష్టమైన చప్పుడో! తిరుగు రైల్లో దారంతా అదే వింటూ వచ్చాను.

తీసింది ముందు వాళ్లకే చూపించడం నా అలవాటు. ల్యాప్‌టాప్‌లో ఆ షాట్ రాగానే ఆమె మొహం వాడిపోయింది.

"ఇది తీసేయన్నా. ఆ పొద్దు అమావాస్య."

అమావాస్యనాడు అక్కడ మగ్గం ముట్టరు. ఏడాదిగా ఆ వీధుల్లో తిరుగుతున్నా నాకా సంగతి తెలీదు.

"ఆ పొద్దే చెప్పింటే అయిపోయేది కదక్కా?"

"అంత దూరం నుంచి వచ్చి అడిగితివి. ఎట్ల కాదనేది? మా బావ చూసినాడంటే, ఆచారం తెలీనిదానికి మగ్గమెందుకని లాక్కుంటాడు."

నాకు ఒళ్లు మండింది. సినిమా మొత్తానికి అంత మంచి షాట్ ఇంకోటి లేదు. సరేననకుండానే రైలెక్కి, పెనుకొండ దాకా ఆమెనే తిట్టుకున్నాను. అక్కడ బండి ఆగి, బోగీలో రొద తగ్గాక, ఆమె ఆ రోజు తలుపు వేయడం గుర్తొచ్చింది. నా మైకు కోసమే వేసిందనుకుని సంబరపడ్డానే తప్ప, ఎందుకని ఒక్క మాట అడగలేదు. సిగ్గుతో చచ్చిపోయాను. ఇల్లు చేరగానే షాట్ చెరిపేసి ఆమెకు ఫోన్ చేశాను.

సినిమా పూర్తయ్యాక వాళ్ల వీధిలోనే తెర కట్టి చూపించాం. ఆమె మగ్గం చప్పుడు రొదలో సగమే వినపడింది. అయిపోగానే ఆమె బావ లేచాడు.

"ఏమప్పా, అమావాస్యనాడు కూడా కెమెరా ఎత్తుకోని వచ్చింటివంట. ఏం తీసినావు?"

నిజం చెబితే ఆమె మగ్గం పోతుంది. అబద్ధమాడితే ఇన్నాళ్లూ నేను చెప్పుకు తిరిగిన నిజాయితీ ఏమైనట్టు? అంతలో వెనక నుంచి ఆమె గొంతు వినపడింది.

"ఆయప్పకు అమావాస్యని యాడ తెలుసు బావా? వచ్చినాడు, ఇంత కాఫీ తాగినాడు, పోయినాడు."

అందరూ నవ్వారు. బావ కూడా నవ్వి కూర్చున్నాడు. ఆమెకు గొంతునిస్తానని వెళ్లినవాణ్ణి, ఆమె మాట వెనక దాక్కున్నాను. ఇవాళ్టికీ కెమెరా తీసే ముందు ఆమెకు మనసులో దండం పెట్టుకుంటాను.

తెర విప్పుతుంటే ఆమె గ్లాసు పట్టుకుని వచ్చింది.

"తాగన్నా. ఆ పొద్దు నీకు కాఫీ ఇయ్యనే లేదు."