తొమ్మిదో రోజు తడబడిన గడియారం

ఊళ్లు తిరిగినవాడికి ఒక సంగతి అనుభవంలోకొస్తుంది: గడియారాన్ని పూర్తిగా నమ్మే ఇల్లు ఎక్కడా ఉండదు. సికింద్రాబాద్‌లో అయితే లోకల్ రైలు అందుకోవాలని గోడ గడియారాన్ని పది నిమిషాలు ముందుకు తిప్పుకుని, ఆ పది నిమిషాలూ మనసులో తీసేసుకుని, చివరికి రైలు పోగొట్టుకునే కుటుంబాలు ఎన్నో. అలాంటి ఊళ్లో సెకనులో వందకోట్లవ వంతు కోసం బతుకంతా ధారపోసినవాడు పద్మారావు నగర్ హేమచంద్ర.

ఆయన పనిచేసిన ప్రయోగశాలలో ఒక అటామిక్ గడియారం ఉండేది. 2003లో దసరా సెలవులు అయ్యాక కాగితాలు చూస్తే, అక్టోబర్ నాలుగున అది ఒకసారి తడబడింది. మరుసటి ఏడు అదే నెల మూడో వారంలో, ఆపై ఏడు రెండో వారంలో. తేదీలు మారుతున్నాయి గానీ చంద్రుడి వయసు మారడం లేదు. ప్రతిసారీ అమావాస్య దాటిన తొమ్మిదో రోజే!

అది మహర్నవమి అని ఆయనకు తెలియక కాదు. పండుగ మనుషులది, చంద్రుడు ప్రకృతివాడు అని ఆయన చేసుకున్న విభజన. పైగా సెలవుల్లో గదికి తాళం, లోపల మనిషి చెయ్యి పడదు. తన ఒంటి వేడి కూడా తగలకూడదని ఆ రోజుల్లో తనూ అటు వెళ్లేవాడు కాదు. ఏడాదిలో మిగతా నవములకు గడియారం కిక్కురుమనకపోతే దానికీ ఒక సమీకరణం రాశాడు: సూర్యుడూ చంద్రుడూ భూమీ ఒక కోణంలో కలిసినప్పుడే కాలం జారుతుందని. తెలివైనవాడికి ఇదొక శాపం. దేనికైనా సమీకరణం దొరికిపోతుంది.

చంద్రుడు పంతొమ్మిదేళ్లకొకసారి పాత తేదీకే తిరిగొస్తాడు. పంచాంగం రాసేవాళ్లకు ఎప్పటి నుంచో తెలిసిన లెక్కే. అంటే 2022లో మళ్లీ అక్టోబర్ నాలుగునే తడబాటు రావాలి. ఆ ఒక్క రోజు కోసం ఆయన బదిలీలు వద్దన్నాడు, పదోన్నతులు వదిలేశాడు. తోటివాళ్లు "టైంపాస్ సార్" అని పేరు పెట్టారు. "తొమ్మిదో రోజు మీరు ఇంట్లో ఉండీ ఇంట్లో ఉండరు" అనేది భార్య శేషారత్నం.

2022లో గడియారం అదే రోజు తడబడింది. ఆ చలికాలమే ఆయన రిటైరయ్యాడు. పరిశోధన పేపరుగా అచ్చయింది. అచ్చుకు ముందు, మనుషుల ప్రమేయం లేదా అని పరీక్షకులు అడిగితే, "గదిలోకి ఎవరూ వెళ్లలేదు" అని రాసి సంతకం పెట్టాడు.

2023లో తడబాటు రాలేదు. 2024 దసరా అయ్యాక, ఆయన స్థానంలోకొచ్చిన ప్రిసిల్లా ఫోన్ చేసింది. "సార్, ఈసారి కూడా జంప్ లేదు. డేటా మొత్తం ఫ్లాట్. బయటి ల్యాబ్‌లవాళ్లు మెయిల్స్ మీద మెయిల్స్ పెడుతున్నారు, ఏం చెప్పమంటారు?"

కొత్తవాళ్లు గడియారాన్ని కదిపి పాడుచేశారని ఆయన అనుమానం. ఇరవయ్యేళ్లకు పైగా ఆ గది ఊడ్చి, నిరుడు ఎండాకాలంలో రిటైరైన బుచ్చమ్మకు తెలిసి ఉంటుందని చిలకలగూడ వెళ్లాడు.

"ఏంది సార్, గీ ఎండల నడుసుకుంట వచ్చిన్రు? ఫోన్ చేస్తే నేనే వస్తుంటి గద!"

"బుచ్చమ్మా, నువ్వు దిగిపోయే ముందు ఆ గడియారాన్ని ఎవరైనా కదిలించారా?"

"కదిలిచ్చుడు గాదు సార్, పట్టిచ్చుకునేటోళ్లే లేరు. రెండేండ్ల సంది దానికి పూజ సుత లేదు."

"ఏం పూజ?"

బుచ్చమ్మ నాలుక కరుచుకుంది.

"కోపం చేయకుండ్రి సార్. ఎన్కట దాని మీద బొట్టు జూసి బిల్డింగ్ అదిరేటట్టు ఒర్లిన్రు గద, మల్ల కనిపిస్తే నౌకరి తీసేపిస్త అని. ఆయుధపూజ నాడు మిషిన్‌కు బొట్టు వెట్టకుంటె ఎట్ల? ఊడ్సేతందుకు నాకిచ్చిన తాళంచెవి తోని తెరిసి, మూత లేపి బొట్టు వెట్టి, కింద నిమ్మకాయ వెట్టి, ఊదుబత్తులు ముట్టిస్తుంటి. వాసన పోయేదాక తలుపు తెరిసి కూసుంటుంటి. మల్ల అంత సాఫ్ జేసి వస్తుంటి, మీరు పరేషాన్ గావొద్దని."

"ఎన్నేళ్లు?"

"నేను దిగిపొయ్యేదాక. ఒక్కేడు తప్పలె. మా పెనిమిటి పోయిన ఏడు సుత పోయి చేసిన. మీ గడియారం గన్నేండ్లు ఖరాబ్ గాకుండ నడిసిందంటే ఎట్ల అనుకున్రు?"

హేమచంద్ర వేళ్లమీద ఏళ్లు లెక్కపెట్టుకున్నాడు: తడబడిన ఏళ్లన్నీ బొట్టు పెట్టిన ఏళ్లే.

"వచ్చే నవమికి జెర తాళం ఇప్పియ్యండ్రి సార్, నేనే పోయి చేస్త" అంది ఆమె.

చిలకలగూడ నుంచి ఇంటిదాకా ఆ మాటే వెంట నడిచింది. ప్రిసిల్లాకు ఒక్క ఫోన్ చేస్తే చాలు. పూజ జరుగుతుంది, గడియారం తడబడుతుంది, ఆయన సమీకరణం మళ్లీ బతుకుతుంది. తలుపు తెరిచిన సంగతి ఈ లోకంలో ఇద్దరికే తెలుసు. ఆ ఇద్దరిలో ఒకరికి తనకు తెలిసిందేమిటో తెలియదు.

రెండు వారాలు ఫోన్ చేతిలోకి తీసుకుని కింద పెట్టాడు. చివరికి చేశాడు. "ఆ పేపర్ వెనక్కి తీసుకుంటున్నానమ్మా."

"సార్! కారణం ఏమని రాయను?"

నిజం మొత్తం రాస్తే బుచ్చమ్మ మీద విచారణ పడుతుంది. "పరిశీలకుడి పొరపాటు అని రాయి. పరిశీలకుణ్ణి నేనే."

2025 మహర్నవమి సాయంత్రం బుచ్చమ్మ ఫోన్. "నాకైతే తాళం ఇప్పియ్యకపోతిరి. ఎవరన్న పూజ చేసిన్రా సార్?"

ప్రిసిల్లా సందేశం అప్పటికే వచ్చి ఉంది: గడియారం ఎన్నడూ లేనంత సరిగ్గా నడుస్తోందని.

"చేశారు బుచ్చమ్మా," అన్నాడు. "చాలా బాగా చేశారు."