పేపరు చుట్టిన సీసా

మంగళవారం పొద్దున రాయదుర్గం మెట్రో స్టేషను కింద క్యాబ్ ఆపుకుని, దిగి రావలసిన ఇద్దరు ఉద్యోగుల కోసం చూస్తుండగా ఫోను మోగింది. మా నర్సమ్మ గారి అబ్బాయి. “బ్రదర్, అమ్మ వెళ్ళిపోయిందండి. ఇప్పుడే డాక్టరు చెప్పారు” అన్నాడు. ప్రియులారా, ఎవరు పోయారన్నా నా నోటికి వెంటనే ఒక బైబిలు వాక్యం వస్తుంది. ఇన్నేళ్ళుగా వస్తూనే ఉంది. ఆ పొద్దు రాలేదు. గ్రంథం ఎదురుగా డ్యాష్‌బోర్డు మీదే ఉంది. దాని మీద చెయ్యి వేసి ఊరికే కూర్చున్నాను. వెనక తలుపు తీసి ఎక్కిన అమ్మాయి, “అంకుల్, ఏసీ జర పెంచండి” అంది. పెంచాను. గచ్చిబౌలి దాకా ఎలా నడిపానో నాకు తెలియదు.

ఆమెను ఎరగని వారి కోసం చెబుతాను. కోస్తాలో ఒక మిషన్ ఆసుపత్రిలో నర్సుగా పనిచేసి, రిటైరయ్యాక కొడుకు ఉద్యోగం ఇక్కడ కాబట్టి మదీనాగూడలో ఒక అపార్ట్‌మెంటు నాలుగో అంతస్తుకు వచ్చిన మనిషి. ఉద్యోగం పోయినా గడియారం పోలేదు. భుజం దగ్గర చీరకు పిన్నుతో తలకిందులుగా వేలాడుతూ ఉండేది. బ్లాకులో ఎవరికి బీపీ చూడాలన్నా, సూది వెయ్యాలన్నా ఆమెకే కబురు. ఆదివారం సాయంత్రం నేను వాక్యం చెప్పే మన కూడిక ఆ అపార్ట్‌మెంటు కమ్యూనిటీ హాల్లో జరుగుతున్నదంటే, అసోసియేషను వాళ్ళ చుట్టూ తిరిగి ఒప్పించింది ఆమే. ఆ మేలుకు నేనేం బదులిచ్చానో చెప్పడానికే ఈ నాలుగు ముక్కలు రాస్తున్నాను. పోయినవారి మంచి చెబుతూ మన చెడు దాచుకోవడం నాకు అబద్ధంలా తోస్తుంది.

రెండేళ్ళ కిందటి డిసెంబరు. ఆ ఆదివారం నా అంశం తాగుడు. దాని మీద నేను మాట్లాడితే హాల్లో ఫ్యాన్లు కూడా ఆగి వింటాయని నాకో గర్వం ఉండేది. ఆ రోజు నర్సమ్మ తన బ్లాకులోని హిందూ ఇరుగుపొరుగును కూడా నలుగురైదుగురిని పిలుచుకొచ్చింది. కూడిక అయ్యాక అందరికీ పెట్టడానికి వెనక బల్ల మీద రెండు పెద్ద యాపిల్ కేకులు సిద్ధంగా ఉన్నాయి. నా మాటలు మంచి వేడి మీద ఉన్నాయి. సరిగ్గా అప్పుడు ఆమె ఒక తువ్వాలు విప్పింది. తువ్వాలులో పేపరు. పేపరులో సీసా. మూత తీసి, ముదురు గోధుమరంగుది ఏదో కేకు మీద పోస్తోంది. కాలిన బెల్లంలాంటి వాసన, దాని వెంట మగ్గిన పండు వాసన, నేను నిలబడిన చోటికి వచ్చాయి.

ప్రియులారా, వైన్ షాపు నుంచి సీసా ఇంటికి ఎలా వస్తుందో మీకు తెలుసు. పేపరు చుట్టుకునే వస్తుంది.

“ఆగమ్మా!” అని మైకులో అరిచాను. “దేవుని సన్నిధిల గిదేంది? ఆ సీసా కింద పెట్టు!”

హాలంతా వెనక్కి తిరిగింది. ఆమె చెయ్యి గాలిలోనే ఉండిపోయింది. నేను అక్కడితో ఆగానా? మర్యాదస్తులు కేకు పేరుతో మందు తినిపిస్తారని, తెల్లచీర కట్టినంత మాత్రాన చేతులు శుభ్రం కావని, ఇంకో పది నిమిషాలు దంచాను. ఆమె సీసాకు మూత పెట్టింది. పేపరు మళ్ళీ చుట్టింది. చివరి కుర్చీలో కూర్చుని, ముగింపు ప్రార్థనకు అందరికంటే గట్టిగా ఆమేన్ అంది. కేకులను ఎవరూ ముట్టలేదు. వాటిని అలాగే ఎత్తుకుని లిఫ్టు ఎక్కింది.

బండి మీద ఇంటికి వెళుతుంటే వెనక కూర్చున్న నా భార్య అడిగింది: “నువ్వు నోట్ల పెట్టి చూసినవా?”

“పెట్టేదేంది? వాసన చాలదా?”

“అయితే ఇగ ముక్కుతోనే తీర్పు చెప్పు. గ్రంథమెందుకు మోస్తున్నవ్, సంచి బరువు?”

మర్నాడు నర్సమ్మ ఫోను. “రేపు పదకొండింటికి మా ఇంటికి రండి బ్రదర్ గారూ. తిట్టడానికి కాదండి. పనుంది, చేతులు కడుక్కుని రండి.” వెళ్ళాను. ఊరికే వెళ్ళలేదు, తాగుడును ఖండించే చోటల్లా గ్రంథంలో కాగితపు ముక్కలు పెట్టుకుని, యుద్ధానికి బయలుదేరినట్టు వెళ్ళాను. ఆమె ఆ గ్రంథాన్ని నా చేతుల్లోంచి మర్యాదగా తీసుకుని, తడి తగలకుండా ఫ్రిజ్ మీద పెట్టింది. నా చేతికి చాకు ఇచ్చింది.

“ముందు చెక్కు తియ్యండి. కాస్త పులుపున్న యాపిల్ కాయలు తెచ్చాను. మరీ తియ్యటివైతే కేకులో ఉన్నాయో లేదో తెలియదు.”

నేను చెక్కు తీస్తుంటే ఆమె చిన్న ముక్కలు కోసి నిమ్మరసం పిండింది. దాల్చినచెక్క, నాలుగు లవంగాలు, చిటికెడు శొంఠి చిన్న రోట్లో నూరింది. జాజికాయను తురుము పీట మీద రెండుసార్లు రుద్ది, చాలనుకుని దాచేసింది. ఆ పొడి పిండిలో కలిసేసరికి వంటిల్లంతా ఘుమఘుమలాడింది. ఈ కేకు నేర్చుకున్న ఆసుపత్రిలో ఓవెన్ లేదట. విదేశం నుంచి వచ్చిన డాక్టరమ్మ ఒకావిడ నర్సులందరినీ పోగేసి, కుక్కరు అడుగున ఇసుక పోయించి, విజిల్ తీయించి, అందులో కాల్చడం నేర్పిందట.

“మొదటిది రాయిలా వచ్చిందండి. అయినా రోగులు తిన్నారు. లేచి పారిపోలేరు కదా పాపం” అంది.

నాకు నవ్వు వచ్చింది. యుద్ధానికి వచ్చినవాడిని నవ్వకూడదని బిగబట్టుకున్నాను.

కేకు ఓవెన్‌లోకి వెళ్ళాక నన్ను స్టవ్ ముందు నిలబెట్టింది. అడుగు మందంగా ఉన్న గిన్నె. నీళ్ళు లేవు, నూనె లేదు, ఉత్త పంచదార.

“ఇప్పుడు కదపకండి.”

“అడుగంటదా?”

“అంటదు. చూస్తూ ఉండండి. మీకు చూడడం తక్కువ, గరిటె తిప్పడం ఎక్కువ.”

అంచుల దగ్గర పంచదార చెమర్చింది. కరిగింది. తేనెరంగుకు వచ్చింది, ఆపైన రాగిరంగుకు. ఆమె వెన్న వేస్తూ “మొహం వెనక్కి!” అంది, గిన్నె బుస్సున పొంగింది. మీగడ పోసి, గరిటె నా చేతికిచ్చి తిప్పమంది. వాసన లేచింది. అదే వాసన. నా కళ్ళ ముందు ఆ గిన్నెలో పంచదార, వెన్న, మీగడ తప్ప ఇంకేదీ పడలేదు.

“కారమెల్ సాస్ అంటారండి. నాలుగో అంతస్తు నుంచి కిందికి తెచ్చేసరికి చల్లారి గడ్డకడుతుందని, కడిగిన తేనె సీసాలో పోసి పేపరు చుట్టాను. అంతే.”

అప్పుడు, నా భార్యకు కూడా పూర్తిగా చెప్పనిది ఆమెకు చెప్పాను. నా చిన్నప్పుడు మా ఇంటి వెనక కొట్టంలో మా నాయన గుడుంబా కాచేవాడు. బెల్లం, కుళ్ళిన పళ్ళు కుండలో ఊరేవి. ఆ వాసన లేచిన రోజు అమ్మ మా బడి పుస్తకాలను బియ్యం డబ్బాలో దాచేది, ఆయన కంట పడితే పొయ్యిలోకి పోతాయని. ఆ సారాయే ఆయనను తీసుకుపోయింది. నా బడి కూడా అప్పుడే ఆగిపోయింది. ఆ తర్వాత నేను చదవడం నేర్చుకున్నది గ్రంథం ముందు పెట్టుకుని, ఒక్కో అక్షరం కూడబలుక్కుంటూ.  నర్సమ్మ స్టవ్ ఆపేసి, రోగి మాట విన్నట్టు విన్నది. 

“అయితే మొన్న మీరు అరిచింది నా మీద కాదన్నమాట” అంది చివరికి. “నా సీసాలో మీ నాన్నగారు కనబడ్డారు.”

“తప్పయింది అమ్మా.”

“నాతో చెప్పారు, సంతోషం. కానీ నన్ను అన్నది మైకులో కదండీ.”

వెచ్చటి కేకు ముక్క మీద వెచ్చటి పాకం పోసి నా చేతికిచ్చింది. పులుపు, ఘాటు, తీపి, చిట్టచివర నాలుక మీద చిన్న చేదు. ఆ చేదు లేకపోతే మొహం మొత్తుతుందండీ అంది.

మైకు దగ్గరే నా బండి ఆగిపోయింది. నేను పొరబడ్డానని అందరి ముందు ఒప్పుకుంటే రేపు నా మాట ఎవరు వింటారు? గ్రంథంలో తప్పించుకునే దారి వెతికాను, దాచను. కానుక అక్కడే వదిలి ముందు వెళ్ళి నీ మీద నొచ్చుకున్నవారితో సమాధానపడమనే చోటు వచ్చిన ప్రతిసారీ పేజీ తిప్పేశాను. తర్వాతి ఆదివారం, “మన మాటల వల్ల ఎవరికైనా నొప్పి కలిగితే, కొందరు పొరబడి ఉంటే, ప్రభువు క్షమించుగాక” అన్నాను. బాగా చెప్పాననే అనుకున్నాను.

బయట చెప్పులు వేసుకుంటూ నర్సమ్మ అడిగింది: “ఆ కొందరు ఎవరండీ? నాకు తెలిసినవాళ్ళేనా?”

మరో రెండు ఆదివారాలు గడిచాయి. ఒకరోజు గేటు దగ్గర వాచ్‌మన్ నన్ను పక్కకు పిలిచాడు.

“అన్నా, నర్సమ్మ తాగుతదా?”

“ఎవరన్నరు నీకు?”

“రెండో ఫ్లోర్ మేడం. వాళ్ళ అత్తమ్మకు దినాం షుగర్ సూది నర్సమ్మనే ఇస్తుండె గద. ఇప్పుడు వద్దన్నరు. తాగిన చేతులు వణుకుతే ఎట్లనని పరేషాన్. వేరే మనిషిని పెట్టుకున్నరు. నువ్వే చెప్పినవంట గద, మైకుల?”

చేతులు. అది నేనన్న మాటే. జీవితమంతా ఊరివాళ్ళ నొప్పులు చూసిన చేతులు. నాలుక చిన్న నిప్పురవ్వ అని, అడవినంతా కాల్చేస్తుందని ఎన్ని కూడికల్లో ఎలుగెత్తి చెప్పాను! ఈ అడవిని కాల్చిందెవరు? ఆమె ఈ సంగతి నాతో అననే లేదు. ముందు రోజు సాయంత్రం కూడా నా భార్యకు బీపీ చూసి, ఉప్పు తగ్గించమని చెప్పి పంపింది.

నేను నేరుగా రెండో అంతస్తుకు వెళ్ళాను. ఈ ఒక్క ఆదివారం హాలుకు రమ్మని ఆ మేడంను బతిమాలాను. వచ్చి తలుపు దగ్గరే నిలబడింది. మొదటి పాట కూడా కాకముందే మైకు తీసుకున్నాను.

“ఆ సీసాల మందు లేదు. పంచదార, వెన్న, మీగడ ఉన్నయి. నేను నిలబడి చూసిన, నా చేత్తోనే కలిపిన. ఏమీ తెలువకుంట ఈ అమ్మ మీద అబద్ధం చెప్పిన. ఈ అమ్మ చేతులు శుభ్రమైన చేతులు. తప్పు నాది, ఇంకెవ్వరిది కాదు.”

అంతటితో ఊరుకోవాలా? అలవాటు ఎక్కడికి పోతుంది. క్షమాపణ కాస్తా ప్రసంగమైంది. మా నాయన వచ్చాడు, గుడుంబా వచ్చింది, ఇంకొంచెం ఆగితే నరకం కూడా వచ్చేది. రెండో వరసలోంచి నర్సమ్మ భుజం మీది గడియారం ఎత్తి చూసింది.

“చాలండి బ్రదర్ గారూ, కూర్చోండి. చెప్పాల్సింది మొదటి నిమిషంలోనే అయిపోయింది.”

హాలంతా గొల్లున నవ్వింది. నేనూ నవ్వాను, కళ్ళు తుడుచుకుంటూ కూర్చున్నాను. మూడో రోజున రెండో అంతస్తు మేడం మెట్లెక్కి వెళ్ళి, “అమ్మా, మా అత్తమ్మ వేరే ఎవరికీ చెయ్యి ఇస్తలేదు. మీరే రావాలె” అందట. తినే కంచం మీద మూత పెట్టి వెళ్ళిందని నర్సమ్మ కోడలు నాకు చెప్పింది.

ఆ తర్వాత ఎప్పుడు కేకు చేసినా చెక్కు తీసే పని నాది. ఆ వంటింట్లో ప్రసంగాలు లేవు. పంచదార కరుగుతున్నప్పుడు మనిషి ఎక్కడికీ పోకూడదని, ఫోనుకు కూడా జవాబు చెప్పకూడదని ఆమె నియమం. ముక్కలు కోసే ముందు ఎవరు రాలేదో చూసుకునేది. వాళ్ళ వాటా తీసి పక్కన పెట్టాకే చాకు మళ్ళీ కదిలేది. “వచ్చినవాళ్ళు ఎలాగూ తింటారు, వాళ్ళ గురించి ఫికర్ ఎందుకు” అనేది. ఆ ఫికర్ ఒక్కటే ఆమె మా దగ్గర నేర్చుకున్న మాట. నేను తాగుడు మీద ఇప్పటికీ మాట్లాడతాను. నిప్పు తగ్గలేదు, తగ్గించుకోను కూడా. కానీ ఒక మనిషి వైపు వేలెత్తాలనుకున్నప్పుడు ముందు వాళ్ళ ఇంటికి వెళ్ళి, వాళ్ళ పక్కన కాసేపు నిలబడి వస్తున్నాను. చాలాసార్లు ఆ వేలెత్తే అవసరం ఉండడం లేదు.

పోయేముందు ఊపిరితిత్తుల్లో నెమ్ము చేరి నాలుగు రోజులు ఆసుపత్రిలో ఉంది. చూడడానికి వెళ్ళినప్పుడు సెలైన్ సూది సరిగ్గా గుచ్చలేదని అక్కడి చిన్న నర్సుకు పాఠం చెబుతోంది. ఆ పిల్ల బడిలోలా చేతులు కట్టుకుని వింటోంది. ఇక ఇంటికి వచ్చేస్తుందనే అనుకున్నాం.

గురువారం ఆమె శవపెట్టెను ఆ హాల్లోనే ఉంచారు. మన కూడిక వాళ్ళు, బ్లాకులోని వాళ్ళు, ఇళ్ళల్లో పనిచేసే అమ్మలు, అందరూ వరసగా వచ్చి చూసి వెళుతున్నారు. రెండో అంతస్తు మేడం అత్తమ్మను చక్రాల కుర్చీలో తీసుకొచ్చింది. ఆ పెద్దావిడకు కొన్నాళ్ళుగా మనుషుల పేర్లు గుర్తుండడం లేదు. కొడుకును కూడా ఒక్కోసారి ఎవరు నాయనా అని అడుగుతుంది. కోడలు కుర్చీని పెట్టె పక్కన ఆపి, వంగి, “ఎవరో గుర్తుపట్టినవా అత్తమ్మా?” అంది. పెద్దావిడ నర్సమ్మ మొహం వైపు కొంచెంసేపు చూసింది. తర్వాత తన జాకెట్టు చేతిని నెమ్మదిగా, మడత మీద మడతగా, భుజం దాకా పైకి జరుపుకుని, ఆ చెయ్యి ముందుకు చాపి, కళ్ళు గట్టిగా మూసుకుని కూర్చుంది.